పదము లేని నృత్తము : జాక్ కోల్ నర్తకబృందము

తాళలయముల నాశ్రయించునది నృత్తమనియు, భావము నాశ్రయించునది నృత్యమనియు దశరూపకకర్త చేసిన విభాగము మన నాట్యవిమర్శకు నేటికిని ఆధారముగా నున్నది. ఈ భేదము శాస్త్రగ్రంథములలో ఎంత స్పష్టముగా గానవచ్చునో ప్రయోగమున నంత స్పష్టముగా గానరాదు. భరతనాట్య మాడు నర్తకి ఒకే వర్ణమునందు జతులకు అడవులు త్రొక్కును. ఆ వెంటనే సాహిత్యమునకు అభినయము పట్టును. రెండును ఒకే దేహమునందుండుటచే వానిని విడదీసినచో నేమగునను ప్రశ్న మనకు తోచుట అరుదు. ఆ ప్రశ్నకు సమాధానము మన మూహింపని చోట దొరకుచున్నది. 1940, 1950 దశకములలో హాలీవుడ్ చలనచిత్రములందు జాక్ కోల్ నడపిన నర్తకబృందము, తెలిసియో తెలియకయో, ఆ విభజనమును ఆచరణలో జూపినది.

ఆ బృందమును గూర్చి అమెరికాలో వ్రాయబడిన వ్రాతలు కొన్ని కలవు. వానిలో హెచ్చుభాగము కోల్‌ను రంగస్థల జాజ్ నృత్యమునకు పితామహునిగా గీర్తించుటకే వినియోగపడినది. పితామహబిరుదము పెద్దనగారి కాలమునుండియు మనకు పరిచితమే గావున, దాని మహిమయు దాని పరిమితియు మన మెఱుగుదుము. ఒకనిని పితామహుడన్నంతనే అతనికి ముందున్నవారి ఊరు పేరు అడుగుట మానివేయుదుము. మేము పరిశీలింపదలచినది ఆ అడుగని భాగమును : ఈ బృందము దేనిని గ్రహించినది, దేనిని విడిచినది, ఆ గ్రహణమునందు ఎవరి పేరు మిగిలినది, ఎవరి పేరు మాసినది?

కోల్ 1911లో న్యూజెర్సీ రాష్ట్రమున న్యూ బ్రన్స్‌విక్ నగరమున జన్మించెను. 1930లో డెనిషాన్ సంస్థలో జేరెను. రూత్ సెయింట్ డెనిస్, టెడ్ షాన్ దంపతులు 1915లో లాస్ ఏంజెలిస్‌లో నెలకొల్పిన ఆ సంస్థకు భారతదేశమన్న మక్కువ మెండు. రూత్ సెయింట్ డెనిస్ 1906లోనే 'రాధ' యను నృత్యమును ప్రదర్శించినది. అప్పటి కామె భారతదేశమును జూచియుండలేదు. 1926లో ఆ బృందము మన దేశమున పర్యటించినది. ఐనను వారు చూపిన భారతదేశము ప్రధానముగా వేషమునకును, ధూపమునకును, భక్తిభంగిమలకును సంబంధించినది. మన పరిభాషలో జెప్పవలెనన్న ఆహార్యమే అందు ప్రధానము. కోల్ దానితో తృప్తి చెందలేదు. లా మేరి యను పేర ప్రసిద్ధురాలై, మద్రాసుకు వచ్చి భరతనాట్యము నేర్చి వెళ్లిన అమెరికా నర్తకి వద్ద అతడు ఆ విద్య నభ్యసించెనని నృత్యచరిత్రకారులు చెప్పుదురు. వేషమును వదలి వ్యాయామమును పట్టుకొనుట కోల్ చేసిన మొదటి ముఖ్యకార్యము. ఇది సామాన్యమైనది కాదు. పరదేశపు కళనుండి పైమెఱుగును దెచ్చువారు వేలకొలది యుందురు. దాని అస్థిపంజరమును దెచ్చువారు అరుదు.

1930ల చివర న్యూయార్కు నైట్‌క్లబ్బులలో అతడీ అడవులను స్వింగ్ సంగీతమునకు జతపఱచెను. దానికే హిందూ స్వింగ్ అను పేరు వచ్చినది. పేరు వినగనే మనకు నవ్వు వచ్చుట సహజమే. కాని పేరునుబట్టి వస్తువును నిరసించుట విమర్శకుని పని గాదు.

1944లో కొలంబియా స్టూడియో అధిపతి హారీ కోన్ కోల్‌ను నియమించెను. అప్పటివరకు హాలీవుడ్‌లో నర్తకులనగా ఒక్కొక్క చిత్రమునకు పిలిపించి, పని తీరగనే పంపివేయబడు కూలివారివంటివారు. కోల్ తన నర్తకులను స్థిరమైన ఒప్పందము మీద జీతమునకు బెట్టించి, చిత్రీకరణ మున్నను లేకున్నను ప్రతిదినము వారికి పాఠము నడపెను. బాలే, భరతనాట్యము, స్పెయిన్ దేశపు ఫ్లమెంకో, ఆఫ్రో-క్యూబన్ నృత్యము, ఇవన్నియు ఆ పాఠమునకు అంగములు. గ్వెన్ వెర్డన్, కారొల్ హేనీ, మాట్ మాటక్స్, రాడ్ అలెగ్జాండర్, బాబ్ హామిల్టన్ మున్నగువారు ఈ బృందమున తీర్చబడినవారే. 1948 వరకు సాగిన ఈ ఏర్పాటు వంటిది ఆ నాటి చిత్రపరిశ్రమలో మఱియొకటి కానరాదు. మన దేశమున గురుకులమునకు గల గుణములలో రెండు, నిత్యసాధనయు ఒకే గురుని శాసనమును, ఇట గలవు. మూడవదియగు పరంపరాస్మృతి మాత్రము లేదు. విద్యార్థి తాను వేయుచున్న అడుగు ఏ యూరిదో, ఎవరినుండి వచ్చినదో ఎఱుగవలసిన పని లేదు.

ఇక ఆ నృత్యమును దగ్గఱగా జూడుదము. మొదట గుర్తింపదగినది దేహము నేలకు దిగియుండుట. బాలే నర్తకి దేహభారమును లేనట్లుగా భ్రమింపజేయును. కోల్ నర్తకుడు మోకాళ్లు వంచి, తొడలు విప్పి, భారమును క్రిందికి దించును. అరమండి నెఱిగిన మన కది క్రొత్త గాదు. మోకాళ్లపై నేలను జాఱుచు బోవుట మాత్రము కోల్ స్వంత ముద్ర. మన గురువులు చూచినచో కనుబొమలు ముడిచెదరు. రెండవది అంగప్రత్యంగములను వేఱువేఱుగా నడపుట. భుజము కదలునపుడు కటి నిశ్చలము. శిరస్సు కదలునపుడు భుజములు నిశ్చలములు. మూడవది కంఠము.

ఈ కంఠమును గూర్చి కొంత విస్తరింపవలసియున్నది. అభినయదర్పణము గ్రీవాభేదములు నాలుగని చెప్పినది : సుందరీ, తిరశ్చీన, పరివర్తిత, ప్రకంపిత. శిరస్సు వంగక మెడ అడ్డముగా ఇటునటు జరుగుట సుందరి. కోల్ బృందమున పదేపదే కనబడునది ఇదియే. శాస్త్రమున దానికి వినియోగము గలదు. స్నేహారంభమునందును, సంతోషముతో నంగీకరించుటయందును దానిని ప్రయోగింపవలెను. ఆ మెడ కదలిక ఒక వాక్యములో క్రియాపదము వంటిది. కోల్ చేతిలో అది క్రియాపదము గాదు, విరామచిహ్నము. సాక్సఫోన్ ఊనికకు, డ్రమ్ము దెబ్బకు అది సమాధానము చెప్పును. స్నేహము నారంభింపదు, దేనినిని అంగీకరింపదు. కదలిక యథాతథముగా సముద్రమును దాటినది. వినియోగము రేవులోనే దిగిపోయినది.

దీనిని దోషమని వెంటనే నిర్ణయింపరాదు. వినియోగము లేని కదలిక నృత్తమగును. నృత్తమునకు శోభయే ప్రయోజనమని మన శాస్త్రకారులే యంగీకరించిరి. బెన్నీ గుడ్‌మన్ వాద్యబృందము వలన ప్రసిద్ధమైన 'సింగ్ సింగ్ సింగ్' అను వాద్యరచనకు కోల్ కూర్చిన నృత్యమున పురుషులును స్త్రీలును ఒకే దేహమువలె దిగి, ఆగి, తెగి కదలు విధానము శుద్ధనృత్తముగా మెచ్చుకోదగినది. అయితే ఆ రచనలోని స్వింగ్ లయ భారతదేశమునుండి వచ్చినది గాదు. ఇట రెండవ ఋణము ముందునకు వచ్చుచున్నది.

న్యూయార్కు హార్లెమ్ ప్రాంతమున 1926లో తెఱచిన సవాయ్ నృత్యశాలలో నీగ్రోజాతి యువతీయువకులు లిండీ హాప్ అను నృత్యమును పెంపొందించిరి. నేటివారు వారిని ఆఫ్రికన్ అమెరికనులని గౌరవముతో బేర్కొనుచున్నారు; మేమును ఇకముందట్లే పేర్కొందుము. కోల్ అటకు బోయి ఆ నృత్యమును జూచి నేర్చెను. ఆ శాలనుండియే వచ్చిన వైటీస్ లిండీ హాపర్స్ అను బృందము 1941లో వెలువడిన 'హెల్జపాపిన్' చిత్రమున కొన్ని నిమిషములు మాత్రము కనబడును. ఆ కొన్ని నిమిషములు చలనచిత్రనృత్యచరిత్రలో సాటిలేనివని మా నిశ్చితాభిప్రాయము. ఫ్రాంకీ మానింగ్ మున్నగువారు అట గాలిలో నెగురుటకు, కోల్ నర్తకులు నేలపై గీచిన గీతలవలె నిలుచుటకు నడుమ గల వ్యత్యాసము పరిశీలింపదగినది. లిండీ నర్తకులు లయతో ఆడుకొందురు. కోల్ నర్తకులు లయకు లోబడుదురు. మొదటివారిలో ఒక్కొక్క జంటకు ఒక్కొక్క స్వభావము. రెండవవారిలో అందఱకును గురుని స్వభావమే. కాని 'హెల్జపాపిన్' చిత్రమున ఆ మహానర్తకులు వంటవారి, పనివారి దుస్తులలో వత్తురు. కథతో వారికి సంబంధము లేదు. కథతో సంబంధము లేని ఘట్టమును కత్తిరించుట సులభము. వర్ణవివక్ష గల దక్షిణరాష్ట్రముల ప్రదర్శనశాలలకై ఇట్టి ఘట్టములను కత్తిరించుట ఆ నాటి పరిశ్రమకు వాడుక. కోల్ బృందమునకు అట్టి భయము లేదు. వారు శ్వేతజాతీయులు, కథానాయిక ప్రక్కనే నిలువగలిగిరి. ఒకే లయకు ఇద్దఱు ఋణపడియున్నను, ఒకరు కత్తెరకు లోబడుటయు, ఒకరు పితామహులగుటయు కళాగుణమునుబట్టి జరిగినవి గావు.

భారతఋణమునకు తిరిగి వత్తము. కోల్ విడిచినది యేమి? ఒక్క మాటలో జెప్పవలెనన్న, పదము. భరతనాట్యకచ్చేరి క్రమమున అలరింపు, జతిస్వరము, శబ్దము, వర్ణము, పదము, జావళి, తిల్లాన యను అంగములు గలవు. ఇందు శబ్దములును, వర్ణములలో ననేకములును, క్షేత్రయ్య పదములును, జావళులలో హెచ్చుభాగమును తెలుగు రచనలు. కావున ఆ నాట్యమునందు అభినయమనబడునది చాలవఱకు తెలుగు వాక్యమునకు చేసిన వ్యాఖ్యానము. తంజావూరు సంస్థానమున తెలుగు కవిత్వము, తమిళదేశపు నట్టువనార్ల లయజ్ఞానము గలిసి ఒక్క కళయైనవి. అమెరికాకు లయ వెళ్లినది, వాక్యము వెళ్లలేదు. భాష దాటని చోట అభినయము దాటదు. లేదా దాటినను మూగసైగగా మిగులును.

దాటించుటకు యత్నము జరుగలేదనియు గాదు. నందికేశ్వరుని అభినయదర్పణమును ఆనంద కుమారస్వామి ఆంగ్లీకరించి 1917లో హార్వర్డు విశ్వవిద్యాలయ ముద్రణాలయమువారిచే ప్రకటింపించినపుడు, ఆయనకు సహానువాదకుడు మన దుగ్గిరాల గోపాలకృష్ణయ్యగారు. చీరాల-పేరాల ఉద్యమనాయకునిగా ఆంధ్రరత్నమును స్మరించు మనవారిలో ఈ గ్రంథమును స్మరించువారు కొలదిమందియే. హస్తమునకు వినియోగ మెట్టిదో తెలుపు గ్రంథము అమెరికా గడ్డమీదనే అచ్చై యుండెను. లా మేరి 1944లో పాశ్చాత్యుల 'హంససరస్సు' కథను భారతీయహస్తములతో నడపి ప్రదర్శించినది. ఆమెకు వినియోగము కావలెను. కోల్‌కు అది యక్కఱలేదు. సినిమా నృత్యము నాలుగు నిమిషములలో ముగియవలెను. ప్రేక్షకుడు నిఘంటువు తెచ్చుకొని కూర్చుండడు.

ఇచ్చట 'డౌన్ టు ఎర్త్' చిత్రమును గూర్చి ప్రస్తావించుట యుక్తము. 1947లో వెలువడిన ఆ కొలంబియా చిత్రమునకు నృత్యములు కోల్ కూర్చినవే. కథ యిది : గ్రీకుల నృత్యాధిదేవత టెర్ప్సిఖొరీ తన సోదరీమణులను స్వింగ్ పాటలతో పరిహసించు నాటకమొకటి న్యూయార్కులో తయారగుచున్నదని విని, కినిసి, రీటా హేవర్త్ రూపమున భూమికి దిగివచ్చును. తానే నాయికయై నాటకమును శుద్ధశాస్త్రీయముగా మార్చును. ప్రేక్షకులు విసుగెత్తుదురు. తుదకు దేవతయే ఓడి స్వింగ్‌కు లొంగును. శాస్త్రీయఘట్టమును విసుగు పుట్టించునట్లును, స్వింగ్ ఘట్టమును రక్తి గట్టించునట్లును రెంటిని గూర్చినవాడు ఒక్కడే యగుటచే, వివాదమున ఉభయపక్షముల వాదమును ఒకే ప్లీడరు చేసినట్లున్నది. అట్టి చోట తీర్పు ముందే తెలిసియుండును. ఒక జాతి పూజ్యభావముతో గాపాడుకొన్న కళను వేఱొక జాతి వినోదమునకై మార్చునపుడు అభ్యంతరము చెప్పువారిని ఈ చిత్రము హాస్యపాత్రముగా జేసినది. హిందూ స్వింగ్ కూర్చినవాని ఆత్మసమర్థనముగా దీనిని చదువుట మాకు అతిశయోక్తిగా దోపదు.

ఆ 1947లోనే మద్రాసు శాసనసభ దేవదాసీ అంకితనిషేధచట్టమును చేసినది. నాడు మద్రాసు రాష్ట్రమున నున్న కోస్తా ఆంధ్రమునకును అది వర్తించినది. క్షేత్రయ్య పదములకు అభినయము పట్టుటలో పేరొందిన కలావంతుల కుటుంబములకు వృత్తి పోయినది. చట్టమునకు గల సాంఘికప్రయోజనమును మేము కాదనము. ఆ సంస్కరణము వలన రంగమునుండి తొలగినవారు స్త్రీలు. వారి సంగీతము, వారి కళ రూపము మార్చుకొని ఇతరుల చేతిలో నిలిచినవి. అడవు హాలీవుడ్‌లో జీతము సంపాదించుచున్న యేడే, పదము పాడు గొంతునకు తన యూరిలో చోటు కఱవైనది. ఈ రెండు సంఘటనలకు కార్యకారణసంబంధము లేదు. కాని రెంటియందును కళను పుట్టించినవారి పేరే ముందుగా పోయినది.

వాక్యమును విడిచిన కోల్, విచిత్రముగా, మఱియొక మార్గమున వాక్యమునకే చేరుకొనెను. 'గిల్డా' (1946) చిత్రమున రీటా హేవర్త్ ఏకాకినిగా పాడియాడు ఘట్టమును జూడుడు. నల్లని శాటిన్ దుస్తు, పొడవైన చేతితొడుగు, దానిని మెల్లగా విడిపించు తీరు; కదలిక అత్యల్పము, సూచన అనల్పము. చతుర్విధాభినయమును ఇట పంచుకొన్నవారిని లెక్కించినచో ఆశ్చర్యము గలుగును. వాచికము అనితా ఎల్లిస్ గళమునుండి వచ్చినది. ఆహార్యము జీన్ లూయీ కుట్టినది. ఆంగికము కోల్ నేర్పినది. హేవర్త్‌కు మిగిలినది సాత్త్వికము. ఆ సాత్త్వికమును ఆమె నిర్వహించిన తీరు గొప్పది. స్పెయిన్ దేశపు నర్తకుని కూతురగుటచే బాల్యముననే అడుగు నేర్చినది గావున, బయటినుండి వచ్చిన మూడింటిని తన దేహమున ఒక్కటి జేయగలిగినది.

1953లో వచ్చిన 'జెంటిల్మెన్ ప్రిఫర్ బ్లాండ్స్' చిత్రమున వజ్రములను గూర్చిన పాటయందు ఈ పద్ధతి పరిపక్వమైనది. ఎఱ్ఱని నేపథ్యమున గులాబివన్నె దుస్తుతో మెరిలిన్ మన్రో, చుట్టును నల్లని దుస్తుల పురుషనర్తకులు. మన్రో శిక్షితనర్తకి గాదు. ఆ లోపమునే కోల్ గుణముగా మార్చెను. ఆమె పాదములకు అడవులీయక, పాటలోని మాట మాటకును భుజమునకో, మణికట్టునకో, కనుబొమకో ఒక సూక్ష్మచేష్ట నిచ్చెను. నిరాకరణమునకు విసనకఱ్ఱ దెబ్బ, లోభమునకు కంటిమెఱుపు. ఇది పదార్థాభినయము గాక మఱేమి? మన పదములలో నాయిక పరకీయయో సామాన్యయో యైనచో ధనమును గూర్చి ఎట్లు గడుసుగా మాటలాడునో తెలిసినవారికి ఈ ఘట్టము పరిచితముగా దోచును. ఆ చేష్టలను మన్రోకును, జేన్ రసెల్‌కును దినదినము నేర్పినది కోల్ సహాయకురాలు గ్వెన్ వెర్డన్.

కాని ఒక్క వ్యత్యాసము గలదు, అదియే మా వాదమునకు కీలకము. మన నర్తకిలో నృత్తమును అభినయమును ఒక్కతె సొత్తు. కోల్ ఘట్టమున అభినయము తారది, నృత్తము బృందముది. ముఖమున్నవారికి అడుగు లేదు, అడుగున్నవారికి ముఖము లేదు. ఈ శ్రమవిభాగము కళావసరమునుండి పుట్టినది గాదు. చలనచిత్రపరిశ్రమ యొక్క వ్యాపారక్రమమునుండి పుట్టినది. తార ముఖమే టిక్కెట్టు నమ్మును. అందుచే కెమెరా ముఖము చెంతకు బోవును. పాదములు చట్రమునకు వెలుపల బడును. ఆ పాటలోనే దీపస్తంభములకు బదులు స్త్రీలను నిలిపి అలంకారముగా వాడిన దృశ్యము గలదు. దానిని చూచునపుడెల్ల మాకు అసహ్యమును, ఆ నర్తకీమణుల ఓర్పునెడ గౌరవమును ఏకకాలమున గలుగును.

'కిస్మత్' (1955) ఇందుకు భిన్నమైనది, దుర్బలమైనది గూడ. బాగ్దాదు కథ, రష్యా దేశపు బొరొడిన్ రాగములు, దక్షిణభారతపు మెడలు! అబాబు రాజకుమార్తెలుగా వచ్చిన రెయికో సాటో, పట్రీషియా డన్, వాంసీ లూయీలను మనము స్మరించునది వారి మాటలవలన గాదు, ఒక్క తాటిమీద కదలు వారి శిరస్సులవలన. వారి సాధన నిర్దుష్టము. మిన్నెల్లీ దర్శకత్వమునందు చుట్టునున్న సరంజామా యంతయు అధికము.

టెలివిజన్‌ను గూర్చి కొంచెము చెప్పి చాలింతుము. కొలంబియా ఒప్పందము ముగిసిన పిమ్మట కోల్ శిష్యులు కొందఱు ఆ క్రొత్తయంత్రమునకు జేరిరి. 1950 మొదలు 1954 వరకు శనివారపు రాత్రులలో తొంబది నిమిషములు ప్రత్యక్షముగా ప్రసారమైన 'యువర్ షో ఆఫ్ షోస్' కార్యక్రమమున రాడ్ అలెగ్జాండర్, బాంబీ లిన్ జంటయు, హామిల్టన్ త్రయమును నృత్యము జేసిరి. చిన్నతెరపై పెద్దబృందము పురుగులవలె గనబడును గావున ఇద్దఱు ముగ్గురే తగినవారు. పెద్దబృందమును అట నిలిపినవారు జూన్ టేలర్ నర్తకీమణులు. జాకీ గ్లీసన్ కార్యక్రమమున ఆ పదునార్గురను కెమెరా ఆకాశమునుండి చూచును. వారు నేలపై పరుండి చేతులు గాళ్లు చాపి ముగ్గువలె విప్పారుదురు, ముడుచుకొందురు. కన్నులకు విందే. కాని ముగ్గులో చుక్కకు వ్యక్తిత్వ ముండదు. కోల్ బృందమున ముఖము మఱుగైనది. జూన్ టేలర్ బృందమున దేహమే గుర్తుగా మాఱినది.

ఋణములను లెక్కించునపుడు కోల్‌కు రావలసిన బాకీని గూడ చెప్పకుండుట అన్యాయము. ఆస్కార్ బహుమానములలో నృత్యదర్శకత్వమునకు 1935 మొదలు 1937 వరకు మూడేండ్లే ప్రత్యేకవిభాగ ముండెను. కోల్ చిత్రములన్నియు దాని తరువాతివి. అమెరికా గ్రంథస్వామ్యచట్టము నృత్యరచనను తన పేరుతో గుర్తించినది 1976 నాటి శాసనమునందు. కోల్ 1974లోనే మరణించెను. 1952లో హన్యా హోమ్ తన 'కిస్ మీ కేట్' నృత్యములను లాబన్ లిపిలో వ్రాయించి నమోదు చేయించినది. కోల్ నృత్యములు ఫిల్మునందు దప్ప వేఱుచోట లేవు. ఇతరుల పేర్లు చెప్పక గ్రహించినవాని సొత్తును, ఇతరులు పేరు చెప్పకయే గ్రహించిరి. బాబ్ ఫాసీ నృత్యములందలి విఱిచిన మణికట్టును, ఒరిగిన భుజమును చూచువారిలో కోల్ పేరు తలచువారెందఱు? ఫాసీకి ఆ భాషను అందించినవారు 1954లో 'పజామా గేమ్' నాటకమున నటించిన కారొల్ హేనీయు, పిమ్మట ఆయన భార్యయైన గ్వెన్ వెర్డనును. మాట్ మాటక్స్ తరువాత ఐరోపాకు వెళ్లి, కోల్ నిత్యసాధనమును తనదైన బోధనాక్రమముగా తీర్చి, ఫ్రాన్సులో చిరకాలము నేర్పి 2013లో గతించెను. ఆ క్రమమునందు శిరస్సు, కంఠము, భుజము, కటి వేఱువేఱుగా సాధన చేయించు పాఠములు గలవు. ఆ పాఠము చెప్పుకొను విద్యార్థికి సుందరీగ్రీవ యను పేరు వినబడదు.

మన్రో చుట్టునున్న నల్లని దుస్తుల నర్తకులలో జార్జి చకీరిస్ ఒకడు. 1961 నాటి 'వెస్ట్ సైడ్ స్టోరీ' చిత్రమునకు ఆస్కార్ బహుమానము పొందిన పిమ్మట ప్రేక్షకులు పాతచిత్రమునకు బోయి అతని ముఖమును వెదకి పట్టుకొనిరి. అతని కిరుప్రక్కల అదే దుస్తులో అదే అడుగు వేసినవారి పేర్లు ఆ చిత్రపు పేర్ల పట్టికలో లేవు.